కంటి వెనుక పొర

జనవరి 7, 2024

పాలకేంద్రం వాళ్ళు ఈ ఏడాది కూడా డైరీ ఇచ్చారు. ఏ ఊళ్ళో ఏ ఆవుకు చూడి కట్టే సూది వేశానో రాసుకోవడానికి నాకు వేరే పుస్తకం ఉంది. గోపాలమిత్ర పని లెక్కలన్నీ అందులోనే. దీన్ని ఖాళీగా వదిలేద్దామనుకున్నాను. ఈరోజు ఎందుకో రాయాలనిపించింది.

పొద్దున అక్క పాపకు నీళ్ళు పోసి, సాంబ్రాణి పొగ పట్టి నా ఒళ్ళో పెట్టింది. మోక్షితకు రేపటితో నాలుగు నెలలు నిండుతాయి. సుష్మ పక్కన కూర్చుని దాని ముఖంలోకి వంగి చాలాసేపు చూసింది.

"మామా, ఇది నన్ను సూడ్డం లేదు."

"నిన్ను గాక ఇంకెవురిని సూస్తాది?"

"నా గొంతు ఇంటే తిరుగుతాది. గమ్మున కూసుంటే నేను ఈడ ఉండేదే దానికి తెలీదు."

నేను నవ్వాను. అక్క నవ్వలేదు. సాంబ్రాణి గిన్నె తీసుకుని వంటింట్లోకి వెళ్ళిపోయింది.

సుష్మకు ప్రతిదానికీ కంగారే. అక్క కూతురే కదా, ఉయ్యాల్లో ఉన్నప్పటి నుంచి చూస్తున్నాను. నాతో పెళ్ళయినా ఆ కంగారు పోలేదు. బావ పోయాక అక్క మా దగ్గరే ఉంటోంది కాబట్టి సరిపోయింది, లేకపోతే పసిబిడ్డతో దీనికి ఊపిరాడేది కాదు.

జనవరి 8

ఈరోజు నన్ను చూసి నవ్వింది. నన్ను చూసే.

జనవరి 21

పాప ముందు బండి తాళాలు ఊపాను. వెంటనే తల తిప్పింది. సుష్మను పిలిచి మళ్ళీ ఊపి చూపించాను. సుష్మ ఆ గుత్తి నా చేతిలోంచి తీసుకుంది. చప్పుడు రాకుండా పిడికిట్లో బిగించి, ఒక్క తాళం మాత్రం బయటకు ఉంచి, పాప ముఖం ముందు అటూ ఇటూ ఆడించింది. తర్వాత గుత్తి నా చేతిలో పెట్టేసింది.

అప్పటికే పాపకు నిద్ర వస్తూ ఉంది.

ఫిబ్రవరి 11

కొత్తగా ఒక అలవాటు పట్టుకుంది. రెండు పిడికిళ్ళూ కళ్ళమీద పెట్టుకుని గట్టిగా నొక్కుకుంటుంది. తీసేస్తే ఏడవదు, మళ్ళీ పెట్టుకుంటుంది. పళ్ళు వచ్చే ముందు పిల్లలు ఇలా చేస్తారేమో. అక్కను అడిగాను. "నాకేం తెలుసు నాయనా," అంది. అక్కకు తెలియకపోవడం ఏమిటి, ఇంట్లో మా అందరినీ ఎత్తుకు తిప్పింది తనే.

మార్చి 3

మదనపల్లెకు తీసుకెళ్ళాం. టమోటా లారీలు అడ్డం పడి బస్సు చాలాసేపు నిలబడిపోయింది. కళ్ళ డాక్టరు టార్చిలైటు వేసి చూశాడు, చుక్కలు వేసి మళ్ళీ చూశాడు. కళ్ళు బాగానే ఉన్నాయన్నాడు. కంట్లో పువ్వు లేదు, మెల్ల లేదు, కనుగుడ్డు చిన్నది కాదు.

కళ్ళు బాగానే ఉన్నాయి.

మార్చి 5

డాక్టరు ఇంకో మాట కూడా అన్నాడు. కుప్పంలో పెద్ద ఆసుపత్రికి వెళ్ళి కంటి వెనుక భాగం పరీక్ష చేయించమన్నాడు. ఊరికే, అనుమానం తీరడానికి. పశువులకు గాలికుంటు టీకాలు నడుస్తున్నాయి. అవి అయిపోయాక వెళ్దామన్నాను.

మార్చి 19

టీకాలు ఇంకా అయిపోలేదు.

మార్చి 30

టీకాలు అయిపోయాయని సుష్మకు పాలకేంద్రంలో ఎవరో చెప్పారు. "నువ్వు రాకపోతే నేనే పాపనెత్తుకోని బస్సెక్కుతా మామా," అంది. అరవలేదు. అరిచి ఉంటే బాగుండేది.

ఏప్రిల్ 2

కుప్పం వెళ్ళి వచ్చాం.

పాపకు నిద్రమందు తాగించారు. కనురెప్పల కింద సన్నటి తీగలు పెట్టి, చీకటి గదిలో కళ్ళలోకి వెలుగు మెరిపించారు. మెరుపు పడినప్పుడల్లా కంప్యూటర్లో గీత పైకి లేవాలట. గీత తిన్నగా పోతూనే ఉంది. మిషన్ ఆన్ చేశారా అని అడిగాను. ఆ టెక్నీషియన్ నా ముఖం చూసి, "చేశామన్నా," అన్నాడు మెల్లగా.

డాక్టరమ్మ మా కంటే కొంచెం పెద్దదై ఉంటుంది. కుర్చీ దగ్గరికి లాక్కుని కూర్చుంది.

"పైనుంచి చూస్తే కన్ను బాగుంది. వెనకాల ఒక పొర ఉంటుంది, రెటీనా అంటాం. అది పని చెయ్యడం లేదు."

"యాల?" అంది సుష్మ.

"తల్లి కడుపులో ఆ పొర తయారయ్యేటప్పుడు మొదట అన్ని కణాలూ ఒకే రకంగా ఉంటాయమ్మా. తర్వాత ఒక్కొక్కటి ఒక్కో పనికి మారతాయి. కొన్ని వెలుగును పట్టుకుంటాయి, కొన్ని ఆ కబురు మెదడుకు అందిస్తాయి. ఏది ఎప్పుడు ఏమవ్వాలో చెప్పేవి జన్యువులు. ఈ పాపలో ఒక జన్యువు చెప్పాల్సింది చెప్పలేదు. వెలుగును పట్టే కణాలు పుట్టాయి, కానీ పూర్తిగా తయారవ్వలేదు. సగంలోనే ఆగిపోయాయి."

మందు ఉందా అని అడిగాను. ముందు ఏ జన్యువో తెలియాలంది. ఇలాంటి జబ్బు తెచ్చేవి ఇరవైకి పైనే ఉన్నాయట. వాటిలో ఒక్కదానికి బయటి దేశాల్లో చికిత్స వచ్చిందట. మా ముగ్గురి రక్తం తీసి హైదరాబాదుకు పంపారు. రెండు మూడు నెలలు పడుతుంది.

"మీరిద్దరూ ఏమవుతారు?"

"మా అమ్మ తమ్ముడే," అంది సుష్మ.

డాక్టరమ్మ కాగితం మీద చదరాలు, గుండ్రాలు గీసి వాటిని గీతలతో కలిపింది. మొగుడూ పెళ్ళాలందరి మధ్యా ఒక గీత గీసి, దగ్గరి రక్తమని మా ఇద్దరి మధ్య మాత్రం రెండు గీసింది. ఇంట్లో పుట్టుకతో చూపు లేనివాళ్ళు ఇంకెవరైనా ఉన్నారా అని అడిగింది. లేరన్నాను. నాకు తెలిసి ఎవరూ లేరు.

తిరిగి వచ్చేటప్పుడు పలమనేరు దాకా సుష్మ పాపతో మాట్లాడుతూనే ఉంది. ఇది బస్సు, ఇది కిటికీ, ఇది గాలి.

ఏప్రిల్ 3

ఆ ఒక్కటే అయి ఉంటుంది. మందు ఉన్నది.

ఏప్రిల్ 5

మందు ఉన్నదే అయి ఉంటుంది. ఇరవైలో ఒకటి అంటే తక్కువేమీ కాదు.

ఏప్రిల్ 19

కంటి పొర కడుపులో ఏయే నెలల్లో తయారవుతుందో ఫోన్లో వెతికి చూశాను. నిరుడు ఆ నెలల్లో మేం ఏం చేస్తున్నామా అని గుర్తు చేసుకుంటూ ఉండిపోయాను. మామిడికాయల కాలం. సుష్మ ఉప్పూ కారం అద్దుకుని రోజూ పుల్లకాయలు తినేది. పళ్ళు పులిసిపోతాయని నేను కసురుకునేవాణ్ణి. ఇంటి ముందు రేకులు వేయించాం. అక్కకు మోకాలి నొప్పులు మొదలయ్యాయి. ఇవన్నీ నడుస్తుంటే లోపల ఆ కణాలు మాట కోసం కాచుకుని ఉన్నాయి. మాకు ఒక్క చిన్న శబ్దం కూడా వినిపించలేదు.

మే 6

సుష్మ మళ్ళీ నీళ్ళు పోసుకుంది.

పాలిస్తున్నప్పుడు రాదనుకున్నాం.

మే 9

డాక్టరమ్మకు ఫోన్ చేశాను. మా ఇద్దరిలోనూ ఆ జన్యువు ఒకటి మంచిది, ఒకటి చెడ్డది ఉంటాయట. అందుకే మాకు చూపు ఉంది. బిడ్డకు ఇద్దరి నుంచీ చెడ్డదే వస్తే మోక్షితలా పుడుతుంది. ప్రతి కాన్పుకూ నాలుగింట ఒక వంతు. హైదరాబాదు నుంచి రిపోర్టు వస్తే కడుపులో నీరు తీసి ముందే చూడొచ్చంది.

"ఆ జన్యువు మాట చెప్పే నెలల్లో ఏదైనా మందు తింటే మారుతుందా మేడం?" అని అడిగాను.

"మారదండీ. రాయడం మొదటి రోజే అయిపోయింది. కణాలు దాన్ని చదువుకోవడమే మెల్లగా జరుగుతుంది."

అంటే ఈసరికే అయిపోయింది. ఏదో ఒకటి.

మే 24

రామసముద్రం వెళ్ళాను. నరసింహులు దగ్గర పుంగనూరు పొట్టి ఆవులు ఉన్నాయి. పెయ్య ఎదకొచ్చిందని ఫోన్ చేస్తే సూదితో వెళ్ళాను. తీరా వెళ్ళాక అతనికి ఇంకో ఆలోచన వచ్చింది.

"బయటి సూది యాలప్పా? మన కోడె ఉండాది గదా ఇంట్లోనే. జాతి చెడకుండా ఉంటాది."

"ఆ కోడె, ఈ పెయ్య ఒక తల్లి బిడ్డలన్నా. వద్దు."

"అయితే ఏమయితాది?"

ట్రైనింగులో నేర్పింది ఎన్ని ఊళ్ళలో చెప్పానో. అదే మొదలుపెట్టాను. దూడ బలహీనంగా పుట్టొచ్చు, కాళ్ళు వంకర పోవచ్చు, కళ్ళు... అక్కడ ఆగిపోయాను.

నరసింహులు నా వైపు చూస్తున్నాడు. అతనికి మా ఇంటి సంగతి తెలియదు. "నువ్వు చెప్తే సరే లేప్పా. సూదే వెయ్యి," అన్నాడు. వేశాను. చేతులు కడుక్కుంటుంటే చెంబుతో నీళ్ళు పోస్తూ అడిగాడు, "ఇంట్లో పాప ఎట్లుండాది?"

బాగుందన్నాను.

జూన్ 9

హైదరాబాదు ల్యాబు నుంచి ఫోన్ వచ్చింది. అమ్మ తరఫు, నాన్న తరఫు వివరాలు మళ్ళీ అడిగారు. అమ్మా నాన్నా కూడా మేనరికమేనని చెప్పాను. చూపు లేనివాళ్ళు ఎవరూ లేరని మళ్ళీ చెప్పాను. అక్క పక్కనే కూర్చుని చింతపండు గింజలు తీస్తూ ఉంది. నేను ఫోన్ పెట్టేశాక, తల ఎత్తకుండానే అంది.

"మునీ, నీకంటే ముందర ఒకడు పుట్న్యాడు."

"జరమొచ్చి పోయినోడు గదా. అమ్మ చెప్పేది."

"పోయింది జరంతోనే. అయితే వానికి కండ్లు అగపడేవి కావు."

వంటింటి గడపలో సుష్మ నిలబడి ఉంది. అక్క ఆమెను చూసింది, అయినా ఆపలేదు.

"నేనే సంకనేసుకోని తిరిగేదాన్ని. వాడూ ఇట్లనే పిడికిల్లు కండ్లల్లో పెట్టుకోని నొక్కుకుంటా ఉండె. యాడా చెప్పగూడదని అమ్మ ఒట్టేపిచ్చుకునె. చెప్తే నాకు పెండ్లి కాదని."

"పాప సంగతి నీకెప్పుడు తెలిసింది?"

"అది పిడికిలి ఎత్తిననాడే."

"యాల చెప్పలేదక్కా?"

"చెప్తే అగపడ్తాదా నాయనా?"

సుష్మ వచ్చి తల్లి ఎదురుగా కూర్చుంది. "నన్ను మామకు ఇచ్చేటప్పుడు వాడు గుర్తుకు రాలేదామ్మా నీకు?" అని అడిగింది.

"రాలేదు." అక్క చేతుల్లో చింతపండు అలాగే ఉండిపోయింది. "వాడు పోయి ఎన్నేండ్లాయె. వీడు నాకు తమ్ముడు కాదు, బిడ్డ. నా బిడ్డను నా బిడ్డకు ఇస్తే ఇద్దురూ నా కండ్ల ముందరే ఉంటారనుకుంటి. అంతకంటే ఏమీ అనుకోలేదు తల్లీ."

సుష్మ తల్లిని తిట్టలేదు. పక్కకు జరిగి తనూ గింజలు తీయడం మొదలుపెట్టింది. నేను బండి తీసుకుని బయటకు వచ్చేశాను. ఎక్కడికి వెళ్ళానో గుర్తులేదు. పెట్రోలు అయిపోయాక తోసుకుంటూ వచ్చాను.

వాడి పేరేమిటో అక్కను అడగలేదు.

జూన్ 10

అడిగాను. పేరు పెట్టలేదట.

జూలై 12

రిపోర్టు వచ్చింది. కుప్పం నేనొక్కణ్ణే వెళ్ళాను. మందు ఉన్నది కాదు.

ఈ జన్యువు మిగతా జన్యువులకు పని చెప్పే రకమట. మేస్త్రీ లాంటిదని డాక్టరమ్మ చెప్పింది. మేస్త్రీ రాని రోజు కూలీలు ఉంటారు, ఇటుక ఉంటుంది, ఇల్లు లేవదు. మా ఇద్దరిలోనూ ఆ జన్యువు రాతలో ఒకే అక్షరం ఒకే చోట తప్పు పోయింది. ఇద్దరికీ ఒకే మనిషి నుంచి వచ్చి ఉంటుందంది. ఆ మనిషెవరో మాకు తెలియదు. మా అమ్మమ్మో, నాయనమ్మో, వాళ్ళకూ పైవాళ్ళో. ఎవరికో చూపు బాగానే ఉండి, పొలం చేసుకుని, పిల్లల్ని కని పోయి ఉంటారు.

ఒక్క అక్షరం. మా బళ్ళో పంతులు అయితే దాని చుట్టూ ఒక సున్నా చుట్టి సరిదిద్దేసేవాడు.

కడుపులో బిడ్డకు పరీక్ష పదిరోజుల్లో చేయించుకోవాలంది. తర్వాత నిర్ణయం మీదేనంది. ఏ నిర్ణయం అని అడగలేదు. ఆమె చెప్పనూ లేదు.

జూలై 13

సుష్మకు చెప్పాను. "సరే, పోదాం," అంది.

జూలై 22

పొద్దున పుంగనూరులో బస్సెక్కి పలమనేరులో దిగాం. కుప్పం బస్సు కోసం కూర్చున్నాం. పాపను అక్క దగ్గర వదిలి వద్దామంటే సుష్మ వినలేదు. బస్టాండులో జనం, హారన్లు, వేరుశనక్కాయలు అమ్మేవాళ్ళ అరుపులు. మోక్షిత ప్రతి అరుపుకూ తల తిప్పుతూ, ఏదో విందులో ఉన్నట్టు ఉంది.

బస్సు వచ్చింది. నేను సంచి తీసుకుని లేచాను. సుష్మ లేవలేదు.

"లేమ్మే. సీటు దొరకదు."

"ఆడికి పోయి ఏం చేస్తాం మామా?"

"పరీక్ష."

"పరీక్ష చేసి?"

కండక్టరు కుప్పం, కుప్పం అని అరుస్తున్నాడు. సుష్మ నన్ను చూడటం లేదు, పాప జుట్టు సర్దుతోంది.

"దీని మాదిరే ఉండాదంటే వద్దంటావా? దీన్ని ఒళ్ళో పెట్టుకోని నేను ఆ మాట అనలేను. నువ్వు అనగలిగితే ఇప్పుడే అను. దానికి ఇనపడ్తాది."

మోక్షిత నా వైపే తల వాల్చి ఉంది. నేను ఏదో చెప్పబోతున్నానని దానికి తెలిసినట్టు.

బస్సు వెళ్ళిపోయింది. ఇంకో బస్సు వచ్చింది, అదీ వెళ్ళిపోయింది. శనక్కాయలు కొన్నాం. పుంగనూరు బస్సెక్కి ఇంటికి వచ్చేశాం.

జూలై 23

నేను అనగలిగేవాణ్ణేమో. పాప అక్కడ లేకపోతే.

ఆగస్టు 16

అక్క బోయకొండ అమ్మవారి గుడికి వెళ్ళి వచ్చింది. ఏం మొక్కుకుందో అడగలేదు.

సెప్టెంబరు 8

మోక్షిత తొలి పుట్టినరోజు. కేకు తెచ్చాను. కొవ్వొత్తి పెట్టాలా వద్దా అని అంగడిలో నిలబడి ఆలోచించాను. అంగడివాడు అడగకుండానే పెట్టి కట్టేశాడు. వెలిగించకుండా తీసి జేబులో వేసుకున్నాను. పాప కేకులో రెండు చేతులూ మోచేతుల దాకా పెట్టి గట్టిగా నవ్వింది. అక్క కూడా నవ్వింది, చాలా రోజుల తర్వాత.

అక్టోబరు 27

చూపు లేని పిల్లలకు ఎలా నేర్పాలో సుష్మ ఎవరితోనో ఫోన్లో మాట్లాడి తెలుసుకుందట. పాప చేతికి ప్రతి వస్తువూ తాకించి పేరు చెబుతోంది. బియ్యం, ఇసుక, దువ్వెన, తడిబట్ట. నేను ఇంటికి రాగానే పాప చెయ్యి నా గడ్డానికి రాసి, "నాయన," అంటుంది. దానికోసం గడ్డం గీసుకోవడం మానేశాను.

డిసెంబరు 11

డాక్టరమ్మకు ఫోన్ చేయాలనిపించింది. చేసి ఏమని అడగాలి?

జనవరి 4, 2025

కొత్త డైరీ ఇవ్వలేదు. దీని వెనుక ఖాళీ పేజీల్లో రాస్తున్నాను.

మగబిడ్డ. మదనపల్లెలో కాన్పు అయింది. ఇద్దరూ బాగున్నారు. రక్తం పంపిస్తే కొన్ని వారాల్లో తెలుస్తుందని డాక్టరమ్మ ఫోన్లో చెప్పింది. సుష్మ వద్దంది. "మనకే తెలుస్తాది లే మామా."

వాడు కళ్ళు తెరిచినప్పుడల్లా నేను ఏదో పని ఉన్నట్టు బయటకు వెళ్తున్నాను.

ఫిబ్రవరి 2

ఇంకా ఏమీ చెప్పలేం. ఈ వయసులో ఏ బిడ్డా నిలిపి చూడదు. పుస్తకాల్లో అలాగే ఉంది.

ఫిబ్రవరి 17

ఏమీ చెప్పలేం.

మార్చి 1

చూశాడు.

అక్క వాణ్ణి కాళ్ళమీద పడుకోబెట్టుకుని ఉంది. నేను వాకిట్లోంచి లోపలికి వస్తూ ఉన్నాను. ఎర్ర తువ్వాలు భుజాన ఉంది. నోరు విప్పలేదు, చెప్పులు బయటే విప్పాను, చప్పుడు లేదు. వాడి కళ్ళు నా వెంట తిరిగాయి. ఆగాను. ఆగాయి. పక్కకు జరిగాను. జరిగాయి. అక్క నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

నేను ఎగిరి గంతేస్తాననుకున్నాను ఇన్ని నెలలూ. అలాంటిదేమీ రాలేదు. దొంగతనం చేసి దొరికిపోయినట్టు నిలబడ్డాను. లోపలి గదిలో సుష్మ మోక్షితకు గోళీల డబ్బా ఆడిస్తోంది, ఆ చప్పుడు వినిపిస్తూ ఉంది.

వెళ్ళి చెప్పాను. సుష్మ డబ్బాను పాప చేతికిచ్చింది. "వానికి ఇంక నాతో పన్లేదు లే," అంది. తర్వాత ఏడ్చింది. సంతోషమో కాదో నాకు తెలియలేదు. ఆమెకూ తెలిసి ఉండదు.

మార్చి 9

ఆదివారం. పని లేదు.

పసివాణ్ణి చాపమీద పడుకోబెట్టి సుష్మ పాలు కాచడానికి వెళ్ళింది. మోక్షిత వాడి ఏడుపు విని, పిర్రలమీద జరుగుతూ గది ఆ మూల నుంచి వచ్చింది. ముందు కాలు దొరికింది. వేళ్ళన్నీ ఒకటొకటిగా పట్టుకుంది. పొట్ట, చొక్కా గుండీ, మెడ. వాడు ఏడుపు ఆపి దాన్నే చూస్తున్నాడు. రెప్ప వేయకుండా, దాని ముఖమంతా.

దాని చెయ్యి వాడి బుగ్గ దాటి పైకి వెళ్తోంది. వేలు తిన్నగా కంటివైపే. నేను లేచాను. చెయ్యి పట్టి ఆపబోయాను.

"గమ్మునుండు మామా," అంది సుష్మ, గడపలోంచి. తను ఎప్పుడు వచ్చిందో.

"కంట్లో పొడుస్తాదే."

"పొడవదు. తెలుసుకుంటాండాది."

వేలి కొస రెప్పకు తగిలింది. వాడు కన్ను మూసి తెరిచాడు. రెప్ప వెంట్రుకలు చక్కిలిగింత పెట్టినట్టున్నాయి, మోక్షిత ఉలిక్కిపడి చెయ్యి వెనక్కి తీసుకుంది. మళ్ళీ పెట్టింది. వాడు మళ్ళీ మూసి తెరిచాడు. అది కిలకిలా నవ్వింది. ఇంకా కావాలన్నట్టు నా వైపు తిరిగి, అదేమిటో చెప్పమని చెయ్యి చాపింది.

సుష్మ కూడా నా వైపే చూసింది. ప్రతి వస్తువుకూ పేరు చెప్పాలని నియమం కదా ఇంట్లో.

నేను దాని చెయ్యి పట్టుకున్నాను. చాలాసేపు పట్టుకుని ఉన్నాను.

"కన్ను," అన్నాను. "తమ్ముడి కన్నమ్మా."